నాజరు గారి బుర్రకథ దళము



హైదరాబాదునకు తూర్పుగా దిల్‌సుఖ్‌నగరు, కొత్తపేట, ఎల్.బి. నగరు అను పేటలు విజయవాడ బాట వెంట ఒకదాని తరువాత నొకటి పరచుకొని యున్నవి. నెత్తిమీద మెట్రో రైలు, నేలమీద బస్సులు. రాత్రి పదకొండు గంటలకును ఆ చౌరస్తాలలో మూటలతో, బిడ్డలతో విజయవాడ బస్సు కొరకు కాచియుండువారు కనబడుదురు. నేను ఆ బాట ప్రక్కనే కాపురముండువాడను. మా వీధిలో సగము మంది నల్లగొండ, సూర్యాపేట సీమలనుండి వచ్చినవారు. తక్కిన సగములో కృష్ణా, గుంటూరు మండలముల వారే హెచ్చు. బాట ఏ యే యూళ్ల మీదుగా పోవునో ఆ యా యూళ్ల వారే దాని మొదట వచ్చి చేరుట సహజము గదా.

మొన్నటి శ్రావణ మాసమున ఒక సాయంకాలము మేము నలుగురము గుడి అరుగుమీద కూర్చుండి యుండగా బుర్రకథ ప్రసక్తి వచ్చెను. సూర్యాపేట దరినుండి వచ్చిన పెద్దమనిషి, ఎనుబదియైదేండ్లు దాటినవాడు, "బుర్రకథ అంటే మాది. సంఘం రోజులలో మా నాయన భుజం మీద కూర్చుండి విన్న" అనెను. తెనాలి దరినుండి వచ్చిన పెద్దమనిషి ఒప్పుకొనలేదు. "నాజరు మా జిల్లావాడండీ. నాజరు లేని బుర్రకథ యెక్కడిది?" అనెను. మాట కొంత పెరిగినది. ప్రక్కనే చేతి ఫోనుతో కూర్చున్న నా మనుమడు, "తాతయ్యా, ముగ్గురు నిలబడి పాడే పాట కోసం ఇంత తగవా?" అని యడిగెను. వానికి ఆ రాత్రి చెప్పిన సమాధానమునే కొంచెము సవరించి యిప్పుడు మీకు విన్నవించుచున్నాను.

ముందుగా ఆ తగవు సంగతి. బుర్రకథ ఏ యొక్క జిల్లా సొత్తును కాదు. జంగములు తంబురా మీటుచు ఊరూర తిరిగి చెప్పిన జంగము కథయే దీనికి మూలము. తెలంగాణమున శారద కథ యనియు, రాయలసీమలో తందాన కథ యనియు దీనికి చుట్టములైన కథలు కలవు. తంబురా క్రింది భాగము గుండ్రముగా మనిషి తలవలె నుండును. ఆ బుర్ర పట్టి చెప్పు కథ గనుక బుర్రకథ. పూర్వము జంగము కథకుడు నడుమ నిలువగా ఇరుప్రక్కల అతని భార్యలు నిలిచి వంత పాడుట వాడుకగా నుండెడిది. వారు యాచనచే బ్రదుకువారు. గింజలు కొలిచి పెట్టిన యింటి ముందు కథ సాగును. పెట్టని యింటి ముందు రెండు చరణములతో సరి.

కథ చెప్పు తీరు మీలో పెక్కుమందికి తెలిసినదే. ఐనను నా మనుమని వంటివారి కొరకు చెప్పుచున్నాను. నడుమ నిలుచువాడు కథకుడు. అతని భుజమున తంబురా, వ్రేళ్లకు అందెలు, కాళ్లకు గజ్జెలు, తలకు తురాయి గల పాగా. ఇరుప్రక్కల నుండువారు వంతలు. వారి చేతులలో డక్కీలు. కథకుడొక చరణము నందుకొని ముందునకు నాలుగడుగులు వేయును, వెనుకకు నాలుగడుగులు వేయును. వంతలు ఆ చరణపు తోక పట్టుకొని తందాన యని తిరిగి యిచ్చుచుందురు. పాట నడక రగడ నడక. గుఱ్ఱపు దౌడువలె నుండును. నడుమ నడుమ వచనము. కథ వేడెక్కినపుడు వచనము కూడ పాటవలెనే పరుగెత్తును.

ఇందు కిటుకంతయు వంతలయందే కలదు. వంతలలో నొకడు హాస్యగాడు. ఇంకొకడు రాజకీయము చెప్పువాడు. కథకుడు "రాజుగారు కోపించి కోట తలుపులు మూయించెను" అన్నాడనుకొందము. వెంటనే హాస్యగాడు, "లోపల వంట చెఱకు ఉన్నదా గురూ?" అని యడుగును. వినువాని మనసులో మెదలిన ప్రశ్నయే అది. రెండవ వాడు, "ఆ కోట సంగతి సరే, మన యూరి శిస్తు సంగతి చెప్పు" అని వందలయేండ్ల నాటి కథను నేటి సంతలోనికి లాగుకొని వచ్చును. కథకుడు వీరిద్దరికిని జవాబు చెప్పుకొనుచు ముందునకు పోవలెను. హరికథలో దాసుగా రొక్కరే సర్వాధికారి. పురాణ కాలక్షేపములో పౌరాణికునకు ఎదురు చెప్పువాడు లేడు. బుర్రకథలోనో, చెప్పువానిని నిలదీయు హక్కు వేదికమీదనే యిద్దరికి కలదు. ఆ యిద్దరును జనుల పక్షము వారు.

ఈ పాత జంగము కథను బిచ్చమునుండి తప్పించి పెద్ద సభలకెక్కించిన వారిలో ప్రథమగణ్యుడు షేక్ నాజరు. 1920లో గుంటూరు మండలమున పొన్నెకల్లు అను గ్రామమున జన్మించెను. దూదేకుల కుటుంబము, బీదవారు. చిన్ననాడే నాటకముల వంక మనసు పోయి వేషములు కట్టెను, సంగీతము నేర్చెను. శాస్త్రీయ సంగీతము గట్టిగా తెలిసినవాడు బుర్రకథలోనికి వచ్చుట ఆ కాలమున విశేషము. తన బ్రదుకు కథను ఆయన నోట చెప్పగా అంగడాల వెంకటరమణమూర్తి గారు గ్రంథముగా వ్రాసిరి. దానికి పేరు "పింజారి". పింజారి యనగా దూదేకువాడు. లోకులు చులకనగా వాడుమాట. ఆ మాటనే తన పుస్తకము నెత్తిన పాగావలె పెట్టుకొనుట చూడగా నాకా మనిషి స్వభావము కొంత తెలిసినట్లయినది. దూదేకు విల్లునకు నరపు తీగె యుండును. ఏకునపుడు ఝుమ్మని మ్రోగును. ఆ యింటి బిడ్డ చేతికి తంబురా వచ్చుటలో వింత యేమున్నది?

ఆయన పెరుగుదలకు కాలమును తోడైనది. 1943లో భారత ప్రజానాట్య సంఘము బొంబాయిలో ఏర్పడెను. ఆంధ్రమున దాని శాఖ ప్రజానాట్యమండలి. డాక్టరు గరికపాటి రాజారావు గారు దానికి ముఖ్యులు. అదే యేడు బెంగాలు దేశమున ఘోరమైన కరవు వచ్చి లక్షలమంది మడిసిరి. ఎక్కడి బెంగాలు, ఎక్కడి గుంటూరు? పత్రిక చదువలేని రైతునకు ఆ కరవు నెట్లు చెప్పవలెను? ఉద్యమము వారు జనులకు తెలిసిన ఆటపాటలన్నిటిని వెదకిరి: గొల్ల సుద్దులు, వీధి భాగవతము, జముకుల కథ, బుర్రకథ. ఇందు బుర్రకథయే అన్నిటికంటె ముందునకు పోయెను. కారణము సులభము. తెర అక్కరలేదు, రంగులక్కరలేదు, పెద్ద బృందమక్కరలేదు. ముగ్గురు మనుష్యులు, మూడు వాద్యములు. ఎడ్లబండిలో ఒక మూల పట్టును. నాజరు బెంగాలు కరవును కథగా చెప్పెను. సుంకర సత్యనారాయణ గారు రచించిన "కష్టజీవి" బుర్రకథ ఊరూర మ్రోగెను. పాత కథలను గూడ నాజరు విడువలేదు. పల్నాటి యుద్ధము, 1757 నాటి బొబ్బిలి యుద్ధము, 1924లో తుపాకి గుండుకు బలియైన అల్లూరి సీతారామరాజు కథ, ఇవి ఆయన గొంతున క్రొత్త ప్రాణము పోసికొనినవి.

ఆయన చేసిన మార్పు ఏమనగా, జంగము కథలో ఒకే వరుస సాగుచుండగా విన్నవారికి నిద్ర వచ్చెడిది. ఆయన రంగస్థలపు అభినయమును, నాటక పద్యపు ఎత్తుగడను, తాను నేర్చిన రాగములను అందులోనికి తెచ్చెను. యుద్ధ ఘట్టమున వీరము, తల్లి కొడుకునకు వీడ్కోలు చెప్పు చోట కరుణము, అంతలో హాస్యగాని నోట ఒక మాట, మరల వీరము. మూడు నాలుగు గంటలు జనులు కదలకుండ కూర్చుండుటకు కారణమిదియే. ఆడువారును వెనుకబడలేదు. మోటూరి ఉదయము గారి దళము ఆ కాలముననే వేలమంది ముందు నిలిచి కథ చెప్పెను. గృహస్థు బిడ్డలు గజ్జె కట్టి అడుగు వేయుటయే ఆనాడు పెద్ద సాహసము. ఎన్ని మాటలు పడియుందురో మీరే యూహింపవచ్చును.

ఇక సూర్యాపేట పెద్దమనిషి మాటకు వత్తును. మేము కాపురమున్న ఈ బాట 1948 వరకు ఒక రాజ్యమునుండి మరియొక రాజ్యములోనికి పోయెడిది. కోదాడ దాటి కొంత దూరము పోగానే నైజాము సర్కారు ముగిసి బ్రిటిషు వారి కృష్ణా జిల్లా మొదలయ్యెడిది. ఇంకొక వింత: కోదాడకు ఈవలనున్న మునగాల పరగణా చుట్టును నైజాము నేల యుండగా తాను మాత్రము కృష్ణా జిల్లాకు చెందియుండెను. బాటసారి ఒకే పగటిలో రెండు మూడు సర్కారుల నేలలు త్రొక్కెడివాడు. నైజాము నేలపై సభ జరుపవలెనన్న ముందుగా అనుమతి కావలెను; గస్తీ నిషాన్ 53 అను ఉత్తరువును ఆ కాలపు పెద్దలు నేటికిని పేరు పెట్టి తిట్టుదురు. ఐతే కథ చెప్పుట సభ యగునా? రాత్రి ఊరివారు కూడి వీరగాథ వినుట నేరమగునా? ఈ సందేహముననే చాల పాటలు ఎల్లలు దాటినవని నా యూహ.

1946 నుండి 1951 వరకు తెలంగాణమున సాగిన రైతు పోరాటమున పాట లేని రోజు లేదు. నల్లగొండ సీమలో సుద్దాల హనుమంతు గారు గొల్ల సుద్దులను, బుర్రకథను చేపట్టి పల్లెలలో తిరిగిరి. ఆయన కుమారుడు సుద్దాల అశోక్‌తేజ గారు నేటి సినిమా కవులలో పేరు పొందినవారు. "ఠాగూర్" చిత్రపు పాటకు జాతీయ బహుమానము నందుకొనిరి. జనగామ వైపు కామారెడ్డిగూడెమున దేశ్‌ముఖు నెదిరించి తన భూమి కొరకు ప్రాణము విడిచిన బందగీ కథను ఆధారము చేసికొని సుంకర వారును వాసిరెడ్డి భాస్కరరావు గారును "మా భూమి" నాటకము వ్రాసిరి. నైజాము రైతు కథ యిటు కృష్ణా తీరమున ఆడబడెను. గుంటూరు బాణీ కథ అటు సూర్యాపేట కళ్లములలో వినబడెను. కావున మా అరుగుమీది పెద్దమనుష్యు లిద్దరును నిజమే చెప్పిరి.

ఈ వైభవమునకు శిక్షయు తప్పలేదు. మద్రాసు ప్రభుత్వము వారు "మా భూమి" నాటకమును, ప్రజానాట్యమండలి కథలను నిషేధించిరి. కళాకారులు కొందరు జైళ్లకు పోయిరి, కొందరు దాగిరి. తంబురా చేతనున్నవానిని పోలీసులు ఆపి అడుగు రోజులు వచ్చినవి. దీనిని గూర్చి నేడు రెండు విధములుగా మాటలాడువారు కలరు. అది పార్టీ ప్రచారమే గాని కళ కాదని కొందరందురు. ప్రచారము లేకున్న ఆ కళకు విలువయే లేదని మరికొందరందురు. నాకు రెండును రుచింపవు. ప్రచారము మాత్రమే యైనచో ఆ ఉద్యమము చల్లారిన పిమ్మట నాజరు పల్నాటి కథ వినుటకు జనులేల కూడుదురు? కళ మాత్రమే యైనచో సర్కారు వారు దానికేల భయపడుదురు?

నిషేధపు రోజులు గడచిన పిమ్మట రాజారావు గారు 1953లో "పుట్టిల్లు" అను చిత్రము తీసిరి; అందు నాజరు దళమును చూపిరి. 1954లో రామారావు, భానుమతి నటించిన "అగ్గిరాముడు" వచ్చెను. అందులో నాజరు అల్లూరి సీతారామరాజు కథ చెప్పెను. సీతారామరాజు అనగానే నేటివారికి 1974లో కృష్ణ గారు తీసిన చిత్రమును, 2022లో వచ్చిన "ఆర్.ఆర్.ఆర్." చిత్రమును తోచును. కృష్ణ గారి చిత్రమునకు ఇరువదియేండ్లు ముందే ముగ్గురు మనుష్యులు ఏనుగులు, గుఱ్ఱములు, కొండలు లేకుండ ఆ మన్యపు వీరుని తెరమీద నిలిపియున్నారని మనుమనికి చెప్పగా వాడు నమ్మలేదు. ఫోనులో ఆ ఘట్టమును వెదకి చూచెను. మొదట నవ్వెను, రెండవ నిమిషమునకు నవ్వు మానెను, తరువాత మొదటినుండి మరల పెట్టెను. నాజరునకు 1986లో పద్మశ్రీ బిరుదము లభించెను. జనులు అంతకు ముందే బుర్రకథ పితామహుడని పిలుచుకొనుచుండిరి. 1997లో ఆయన కన్నుమూసెను.

మనుష్యుడు పోయెను; దళము పోయెను; ఐనను ఆ బాణీ ఏల నిలిచినది? దీనికి నా మనుమడే నాకొక ఉపమానము నిచ్చెను. వాడు వినిపించిన పాట యొకటి ఇటలీ దేశపుది. ఆ భాష మా యింట ఒక్కరికిని రాదు. ఐనను పల్లవి రెండవమారు వచ్చునప్పటికి మా కోడలు వంటింటిలో గరిట త్రిప్పుచు అందుకొనినది. ఆ పాట పాడిన బృందము పేరు "రిక్కీ ఎ పోవెరి". ధనికులును పేదలును అని అర్థము. 1967లో జెనోవా అను రేవు పట్టణమున ఇద్దరు పురుషులు, ఇద్దరు స్త్రీలు కలిసి ఏర్పరచుకొనిరి. సాన్‌రేమో అను ఊర ఏటేట జరుగు పాటల పోటిలో 1970లోను, 1971లోను రెండవ స్థానము పొందిరి. 1981లో ఒకామె విడిపోయెను, ముగ్గురు మిగిలిరి. ఆ ముగ్గురు ఆ యేడే పాడిన "సారా పెర్కే తి ఆమో" పాటకు పోటిలో అయిదవ స్థానము మాత్రమే వచ్చెను. పోటి న్యాయాధిపతులు ఒక లెక్క వేసిరి, లోకము ఇంకొక లెక్క వేసినది. నలుబదియేండ్లు దాటినను ఐరోపా ఆటస్థలములలో వేలమంది దానిని గొంతెత్తి పాడుచున్నారు. సోవియటు దేశమునను వారికి గొప్ప ఆదరణ లభించెను. 1985లో సాన్‌రేమోలో ప్రథమ స్థానమును వచ్చినదిగాని, ఆ గెలిచిన పాటకంటె ఓడిన పాటయే నిలిచినదని నా మనుమని తీర్పు. 2016లో మరియొకరు విరమించిరి, ఇద్దరు మిగిలిరి. 2020లో నలుగురు మరల ఒక్క వేదికపై నిలిచి పాడిరి. 2022లో వారిలో ఫ్రాంకో గత్తి మరణించెను. మిగిలిన యిద్దరు 2024లోను అదే పోటిలో పాడిరి.

వారి సంగీతము వేరు, మన సంగీతము వేరు. వారిది ప్రేమ పాట, మనది యుద్ధగాథ. ఐనను ఒక్క మర్మము రెండింటికిని చెల్లును. పల్లవి తేలికగా నుండవలెను. గొంతు లేనివాడును దానిలో చేరగలుగవలెను. పాడువారు ఒక్కరు గాక కొందరుండి, వారిలో వారు మాటలాడుకొనుచున్నట్లు తోచవలెను. ఒంటి గాయకుని మనము వినియూరకుందుము. బృందము పాడినపుడు మనకును అందు కొంచెము చోటున్నట్లు తోచును.

ఒక భేదము మాత్రము కలదు. ఆ ఇటలీ బృందము ఆ నలుగురి ముఖములపై ఆధారపడినది. నలుగురు ముగ్గురైరి, ముగ్గురిద్దరైరి. ఆ యిద్దరును మానినచో ఆ పేర మరి పాట లేదు. మన దళమున నున్నవి ముఖములు కావు, స్థానములు. కథకుని స్థానమొకటి, హాస్యగాని స్థానమొకటి, రాజకీయపు వంత స్థానమొకటి. ఎవడు వచ్చి నిలిచినను ఆ స్థానము వానిచేత మాటలాడించును.

దీనికి నా కన్నులార చూచిన సాక్ష్య మున్నది. నేను నాజరు గారిని వేదికపై చూడ నోచుకొనలేదు. మా చిన్ననాట, నాకు పది పండ్రెండేండ్లప్పుడు, మా తాతగారి యూరికి ఆయన బాణీ పట్టిన దళ మొకటి వచ్చెను. నూర్పిళ్లు ముగిసిన కళ్లములో రెండు బల్లలు వేసి పెట్రోమాక్సు దీపములు కట్టిరి. పల్నాటి కథ. బ్రహ్మనాయుడు అన్ని కులముల వారిని ఒక్క చాపమీద కూర్చుండబెట్టి అన్నము పెట్టించిన చాపకూటి ఘట్టము వచ్చెను. మా వారందరు ముందు వరుసలలో, పరచిన జంపఖానాల మీద కూర్చుండిరి. ఊరి చివరి పేటల వారు దూరముగా గట్టుమీద. కథకుడు ఆ భోజనపు పంక్తిని వర్ణించి, తంబురా మీటి యాగెను. వంతవాడు డక్కీని చంక క్రిందకు నెట్టి, నెమ్మదిగా, "ఆ చాప ఇప్పుడు ఎవరి యింట నున్నది గురూ?" అని యడిగెను.

ఎవరును పలుకలేదు. నవ్వవలెనో కోపింపవలెనో ముందు వరుసల వారికి తెలియలేదు. అంతలో గట్టుమీదనుండి ఒక నవ్వు వచ్చెను. తరువాత చాల నవ్వులు వచ్చినవి. మా తాతగారు నవ్వలేదు. లేచిపోనూ లేదు. కథకుడు ఆ ప్రశ్నకు జవాబు చెప్పకయే తరువాతి చరణమందుకొనెను. ఇంటికి పోవునపుడు దారి పొడుగునను తాతగారు మాటలాడలేదు. ఆ వంతవాని పేరు నాకు నాడు తెలియదు, నేడును తెలియదు. ఆ ప్రశ్న మాత్రము అరువదియేండ్లకు పైబడి నా చెవిలోనే యున్నది.

ఆ నాలుక తరువాత కొంత మొద్దువారినది. స్వరాజ్యము వచ్చిన పిమ్మట ప్రభుత్వము వారు బుర్రకథ బలమును గుర్తించిరి. 1954లో కేంద్రమున పాటలు నాటకముల విభాగ మొకటి ఏర్పడెను. చిన్న మొత్తముల పొదుపు, కుటుంబ నియంత్రణము, క్రొత్త వంగడములు, టీకాలు, అన్నిటికిని బుర్రకథలు పుట్టినవి. అందువలన పెక్కు దళములకు కూడు దొరకినది. అది చిన్న సంగతి కాదు. ఆకలితో కళ నిలువదు. కాని ఒక చిక్కు వచ్చిపడెను. కూలి యిచ్చువాడే సర్కారు వాడైనపుడు రెండవ వంత ఎవరిని నిలదీయును? శిస్తు సంగతి యడిగిన నోటితో శిస్తు గడువు తేదీ చెప్పవలసి వచ్చెను. హాస్యగానికి పని మిగిలెను, రాజకీయపు వంతకు పని తగ్గెను. సినిమా వచ్చుటచేత బుర్రకథ చెడినదని చాలమంది యందురు. సినిమా దానిని చాలవరకు కాపాడినదనియే నా తలంపు. "అగ్గిరాముడు" లేకున్న నా మనుమనికి నాజరు గారి ముఖమే తెలియకపోవును. దానిని పలుచన చేసినది ప్రశ్న లేని వంత.

రేడియో సంగతి కూడ ఒక మాట చెప్పవలెను; ఈ ప్రసంగము రేడియోలోనే గనుక మొగమాటము కలదు. విజయవాడ ఆకాశవాణి కేంద్రము 1948 డిసెంబరు 1వ తేదీన ఆరంభమైనది. అటుపిమ్మట పల్లెటూరి కార్యక్రమములలో బుర్రకథలు చాల ప్రసారమైనవి. ఎక్కువ యిండ్లకు కథ చేరినది. ఐతే రేడియోలో అడుగు కనబడదు, తురాయి ఊపు కనబడదు. అన్నిటికంటె ముఖ్యముగా, గట్టుమీదనుండి నవ్వు వచ్చుటకు వీలులేదు. ముగ్గురే తమలో తాము పాడుకొని పోవలెను. విన్నవారు మెచ్చిరి. నేనును మెచ్చితిని. కాని నాలుగవ వంత ఎవడో అది లేకపోయెనని తోచెడిది.

నేడును దళములు లేకపోలేదు. ఉత్సవములలో, పాఠశాలలలో, జాతరలలో అక్కడక్కడ కనబడుచున్నవి. ఆడపిల్లలు కథకులుగా నిలుచుట నేడు ఎవరికిని వింత కాదు. గంటకు మించి కథ చెప్పనిచ్చువారు మాత్రము అరుదు. పల్నాటి యుద్ధమును ఇరువది నిమిషములలో ముగింపుమన్నచో బాలచంద్రుడు బయలుదేరుటయు, మరణించుటయు ఒక్క ఊపిరిలో జరిగిపోవలెను. పొన్నెకల్లు నుండి వచ్చిన ఆ మనిషి మూడు గంటలలో ఏడ్పించి, నవ్వించి, మరల ఏడ్పించిన కథ యది.

తగవు పడిన మరునాటి సాయంకాలమును మేము అదే అరుగుమీద కూడితిమి. నా మనుమడు వచ్చి, "మీకిద్దరికీ అంత బాగా తెలుసు గదా, కొంచెం పాడి చూపండి" అని పెద్దమనుష్యులను పట్టుకొనెను. మొదట సిగ్గుపడిరి. పిమ్మట సూర్యాపేట ఆయన ప్రక్కనున్న స్టీలు చెంబు నందుకొని వాయింపసాగెను. తెనాలి ఆయన అరుగు బల్లమీద వ్రేళ్లతో దరువు వేసెను. ఇద్దరి గొంతులును ఒక్కమారే తందాన యందుకొనినవి. వరుస కూడ ఒక్కటే. రెండు ఆవృత్తములు పాడి ఆగిరి. కథ ముందునకు పోవలెను గదా. ఒకరి ముఖ మొకరు చూచుకొనిరి. ఇద్దరికిని వంత తెలుసును. కథకుని చరణము ఒక్కటియు జ్ఞాపకము లేదు. "మీరు ఎత్తుకోండి" అని ఆయన, "మీరే ఎత్తుకోవాలి" అని ఈయన. నా మనుమడు ఫోను నాకిచ్చి ఇద్దరి నడుమ నిలువబడెను గాని, వానికి ఏమి పాడవలెనో తెలియదు. ముగ్గురును నవ్విరి. బాటమీద విజయవాడ బస్సు హారను కొట్టుచు పోయెను. సూర్యాపేట ఆయన చెంబు క్రింద పెట్టలేదు.